కొనే ముందు ఒక గంట ఆడండి: గొప్ప కన్సోల్ గేమ్‌ని గుర్తుపట్టడం ఎలా

టీవీకి తగిలించి ఆడే సోనీ ప్లేస్టేషన్ 5 (పీఎస్5) లాంటి కన్సోల్‌కి కొత్త గేమ్ డిస్క్ ఒకటి కొనాలంటే ఇవాళ దాదాపు ఐదు వేలు పెట్టాలి. అంత పెట్టి తెచ్చుకున్నాక రెండు రోజులాడి అల్మరాలో పడేసేవి కొన్ని, ఏళ్లు గడిచినా మళ్లీ మళ్లీ పెట్టుకునేవి కొన్ని. ఈ రెంటికీ తేడా ఎక్కడుందో కొనకముందే పట్టుకోవచ్చు. అయితే అది ట్రైలర్ చూస్తే తెలియదు, కంట్రోలర్ చేతిలో ఉంటేనే తెలుస్తుంది. గంట చాలు. వైజాగ్‌లో గంటకింత అని తీసుకుని ఆడనిచ్చే గేమింగ్ పార్లర్లు ఉన్నాయి, కన్సోల్ ఉన్న ఫ్రెండ్ ఎవరో ఒకరు ఉంటారు, చాలా గేములకి ఫ్రీ డెమో కూడా దొరుకుతుంది. ఆ గంటలో ఏం చూడాలో చెప్తాను.

నా లెక్క ఒక్కటే: గేమ్ ముందు చేతులకి నచ్చాలి, ఆ తర్వాతే కళ్లకి, చెవులకి, మనసుకి. ఇప్పటిదాకా గొప్పవని పేరు తెచ్చుకున్న గేములు ఏవి తీసుకున్నా, పాతవైనా కొత్తవైనా, ఈ వరస తప్పినవి నాకు దాదాపు కనబడలేదు.

మొదటి పది నిమిషాలు కథని పట్టించుకోకండి. స్టార్ట్ అవ్వగానే ఎటు వెళ్లాలో బాణం వేసి చూపిస్తుంది, అటు వెళ్లకండి. ఉన్నచోటే పరిగెత్తండి, టక్కున ఆగండి, వెనక్కి తిరగండి, గోడ అంచు మీద నడవండి, ఏమీ లేని చోట ఊరికే జంప్ చేయండి. బటన్ నొక్కాక స్క్రీన్ మీద మనిషి కదలడానికి ఏమైనా ఆలస్యమవుతోందా? అటూ ఇటూ తిరగడమే సరదాగా ఉందా, లేక అసలు పని ఎప్పుడు మొదలవుతుందా అని ఎదురుచూస్తున్నారా? ఆ తర్వాత నలభై గంటలూ మీరు చేయబోయేది ఆ తిరగడమే, కాబట్టి అందులో సరదా లేకపోతే మిగతాది ఎంత బాగున్నా చేతులు మొరాయిస్తాయి. మా అక్క కొడుకుని ఓసారి పార్లర్‌కి తీసుకెళ్లి ఇలాగే తిరగమంటే "ఏటి మావయ్యా, మిషన్ అక్కడుంటే ఇక్కడేం చేస్తాం" అని గొడవ. కాస్త ఓపిక పట్టు నాన్నా అంటే పట్టాడు, కాసేపటికి వాడే "వీడు ఆగమంటే ఆగట్లేదు మావయ్యా, రెండడుగులు జారిపోతున్నాడు" అన్నాడు. ఎవరూ చెప్పకుండా వాడి చేతులు కనిపెట్టిన విషయం అది.

ఈ ఒక్క విషయం మీద ఎంత పని జరుగుతుందో తెలియాలంటే 1996లో నింటెండో 64తో పాటు వచ్చిన సూపర్ మారియో 64ని చూడండి. నింటెండో డిజైనర్ షిగెరు మియామోటో టీమ్ లెవెల్స్ అన్నీ కట్టకముందే ఓ చిన్న చోట మారియోని పరిగెత్తించి, ఒక కుందేల్ని పట్టుకునే ఆట ఆడిస్తూ వాడి నడక, పరుగు, జంప్ సరిచేసుకుంది. ఆ కుందేలు తర్వాత గేములోనే ఉండిపోయింది, కోట నేలమాళిగలో ఇప్పటికీ దొరుకుతుంది. ఇంకోటి, 2018లో వచ్చిన గాడ్ ఆఫ్ వార్‌లో గొడ్డలి. విసిరేస్తారు, అది ఎక్కడో దిగబడుతుంది, ట్రయాంగిల్ బటన్ నొక్కితే గాల్లో తిరుగుతూ వచ్చి హీరో క్రేటోస్ అరచేతిలో దబ్బున పడుతుంది, అదే క్షణంలో కంట్రోలర్ మీ చేతిలో కదులుతుంది. శత్రువులెవరూ లేకపోయినా ఆ గొడ్డలిని ఊరికే విసిరి పిలిపించుకుంటూ కూర్చునేవాళ్లు ఎంతమందో.

ఇక్కడ టీవీ సంగతి కూడా చెప్పాలి, ఎందుకంటే గేమ్ బాగున్నా టీవీ వల్ల చెడ్డపేరు వస్తుంది. చాలా టీవీలు బొమ్మకి మెరుగులు దిద్దడానికి కాస్త టైం తీసుకుంటాయి, సినిమాకి అది ఏమీ అనిపించదు గానీ గేముకి బటన్ లేటుగా పలికినట్టుంటుంది. సెట్టింగ్స్‌లో గేమ్ మోడ్ ఆన్ చేయండి. అలాగే గేమ్ మెనూలో పెర్ఫార్మెన్స్ మోడ్, క్వాలిటీ మోడ్ అని రెండు కనబడితే ముందు పెర్ఫార్మెన్స్ పెట్టి చూడండి, సెకనుకి ఎక్కువ ఫ్రేములు (బొమ్మలు) చూపించేది అది. సెకనుకి 60 ఫ్రేములు అంటే దాదాపు 16.7 మిల్లీసెకన్లకో కొత్త బొమ్మ, 30 అంటే 33.3 మిల్లీసెకన్లకొకటి, ఫైటింగ్ గేములో ఆ తేడా వేళ్లకి బాగా తెలుస్తుంది. అలాగని ఫ్రేములే సర్వస్వం అనుకోకండి. 1998 నాటి ది లెజెండ్ ఆఫ్ జెల్డా: ఓకరినా ఆఫ్ టైమ్ సెకనుకి 20 ఫ్రేముల దగ్గరే నడిచేది, అయినా రివ్యూల మార్కులన్నీ కలిపి సగటు చూపించే మెటాక్రిటిక్ సైట్‌లో 99 మార్కులు దానివే. త్రీడీ ప్రపంచంలో శత్రువు మీద చూపు నిలబెట్టి చుట్టూ తిరుగుతూ కొట్టడం ఎలాగన్నది అప్పటికి ఎవరికీ సరిగ్గా కుదరలేదు, ఆ గేమ్ ఒక్క జెడ్ బటన్‌తో కుదిర్చింది. ఇప్పుడు మీరు ఆడే యాక్షన్ గేముల్లో టార్గెట్ లాక్ అని కనబడేదానికి మూలం చాలావరకు అదే.

మంచి గేమ్ మీకు తెలియకుండా సాయం చేస్తుంది, దాన్ని కూడా పరీక్షించొచ్చు. 2018లో వచ్చిన సెలెస్ట్‌లో అంచు దాటి కాలు గాల్లోకి వెళ్లిపోయాక కూడా రెప్పపాటు సేపు జంప్ పనిచేస్తుంది. మీరు సరిగ్గా అంచు మీదే నొక్కాననుకుంటారు, నిజానికి కొంచెం లేటుగా నొక్కారు, గేమ్ దాన్ని క్షమించేసింది. ఆ మన్నింపు లేకపోతే "నేను నొక్కానురా బాబూ, దూకలేదు" అని కంట్రోలర్ విసిరికొడతారు. కాబట్టి ఏ గేములోనైనా కావాలని అంచు దాకా వెళ్లి కాస్త ఆలస్యంగా నొక్కి చూడండి.

తర్వాత, గేమ్ మీకు ఎలా నేర్పుతోందో గమనించండి. తొంభైల్లో మన ఇళ్లలో టీవీకి తగిలించిన వీడియో గేములు చాలావరకు నింటెండో ఎన్ఈఎస్‌కి నకళ్లు, పసుపు రంగు క్యాసెట్లు, మాన్యువల్ ఉన్నా చదివేవాళ్లు లేరు, ఇంగ్లిష్ అసలే రాదు. అయినా గాజువాకలోనైనా గోపాలపట్నంలోనైనా ప్రతి పిల్లాడికీ మారియో ఆడటం వచ్చేసింది. ఎలా వచ్చిందంటే ఆ మొదటి స్క్రీన్ అలా కట్టారు. 1985 నాటి సూపర్ మారియో బ్రదర్స్ మొదలవగానే మారియో ఎడమ పక్కన నిలబడి కుడివైపు చూస్తుంటాడు, ముందంతా ఖాళీ, అంటే వెళ్లాల్సింది అటే. నాలుగడుగులు వేయగానే ఎదురుగా ఓ చిన్న శత్రువు వస్తుంది. తగిలితే చస్తారు, పోయేది ఏమీ లేదు, అప్పుడే మొదలుపెట్టారు కదా. రెండోసారి బటన్ నొక్కి దూకుతారు, పైన మెరుస్తున్న ప్రశ్న గుర్తు పెట్టెకి తల తగిలితే నాణెం వస్తుంది, పెట్టెల్ని కొట్టాలని అర్థమైపోతుంది. ఇంకో పెట్టె కొడితే పుట్టగొడుగు వస్తుంది. అది కూడా కదులుతోంది కాబట్టి శత్రువేమో అని భయం. అది కుడివైపు వెళ్లి, గొట్టానికి తగిలి, మీ మీదకే తిరిగొస్తుంది, తప్పించుకుందామని దూకితే పైన ఇటుకలు అడ్డం. మారియోకి తగులుతుంది, మారియో పెద్దవాడవుతాడు. ఒక్క అక్షరం రాయకుండా నాలుగు పాఠాలు చెప్పేశారు.

ఇప్పటి గేముల్లో ఇదే ఎలా చూడాలంటే, మొదటి అరగంటలో గేమ్ మిమ్మల్ని ఆపి ఎన్నిసార్లు స్క్రీన్ మీద అక్షరాల డబ్బా తెరిచి చదవమంటోందో గమనించండి. చదివిన రెండు నిమిషాలకి ఆ విషయం గుర్తుందా? లేకపోతే గేమ్ చెప్పింది గానీ నేర్పలేదు. 2017 నాటి జెల్డా: బ్రెత్ ఆఫ్ ద వైల్డ్ మొదట మిమ్మల్ని ఓ ఎత్తైన పీఠభూమి మీద వదులుతుంది, గాల్లో తేలుతూ దిగే గ్లైడర్ దొరికేదాకా కిందకి దిగే దారి లేదు. అక్కడే చలి, మంట, చెట్లెక్కడం, వంట, అన్నీ మీ అంతట మీరే కనుక్కుంటారు. దిగేసరికి గేమ్ మొత్తానికి కావాల్సిన చదువు అయిపోతుంది.

ఇక ఓడిపోయి చూడాలి, కావాలనే. మీరు చచ్చినప్పుడు మనసులో మొదట వచ్చే మాటని పట్టుకోండి. "ఛ, తొందరపడ్డాను" అన్నారా, "ఇదేం గేమ్ రా" అన్నారా? గొప్ప గేముల్లో ఎక్కువసార్లు మొదటి మాటే వస్తుంది. హిడెటాకా మియాజాకి తీసిన డార్క్ సోల్స్ 2011లో, ఎల్డెన్ రింగ్ 2022లో వచ్చాయి, రెండూ కష్టమైనవని అందరూ అంటారు, నిజమే. కానీ వాటి గొప్పదనం కష్టంలో లేదు, ఆ కష్టం ముందే కనబడేలా చేయడంలో ఉంది. ఎల్డెన్ రింగ్‌లో మార్గిట్ అని మొదట్లోనే తగిలే పెద్ద శత్రువు ఉంటాడు. చేతికర్ర పైకెత్తుతాడు, మీరు కంగారులో పక్కకి దొర్లుతారు, వాడు ఇంకా కొట్టడు, కర్ర అలాగే గాల్లో ఉంటుంది, మీరు లేచి నిలబడే క్షణానికి సరిగ్గా దింపుతాడు. మొదట్లో అన్యాయం అనిపిస్తుంది. కానీ వాడు ప్రతిసారీ అదే చేస్తున్నాడని గమనించాక కర్రని కాదు, అది కిందకి కదలడం మొదలయ్యే క్షణాన్ని చూడాలని తెలుస్తుంది. అక్కడినుంచి మీ టెన్షన్ తగ్గుతుంది, వాడి బలం ఏమీ తగ్గలేదు, మీ కన్ను మారింది. శత్రువు ప్రాణం రెట్టింపు చేసి, వందసార్లు కొట్టమని చెప్పి, దాన్నే హార్డ్ మోడ్ అనే గేములు బోలెడు, వాటిలో మీరు మారరు, మీ బొటనవేలు నొప్పెడుతుంది అంతే. ఓడాక మళ్లీ ఆటలో పడటానికి ఎంతసేపు పడుతోందో కూడా చూసుకోండి, సెలెస్ట్‌లో అది రెప్పపాటు. హేడీస్ అనే గేములో అయితే చచ్చి తిరిగొచ్చిన ప్రతిసారీ హీరో ఇంట్లోవాళ్లు కొత్త మాటలు మాట్లాడతారు, కథ ముందుకి కదులుతుంది, ఓటమి కూడా వృథా పోదు. మనకి తుఫాను రోజుల్లో కరెంటు పోవడం కొత్తేం కాదు కాబట్టి గేమ్ ఎంత తరచుగా తనంతట తానే సేవ్ చేస్తోందో ఓ కన్నేసి ఉంచండి.

ఇప్పుడు నాకు అన్నింటికంటే ఇష్టమైన పరీక్ష. గేములో ఏదైనా వస్తువు కనబడగానే "ఇలా చేస్తే ఏమవుతుంది?" అని మీరే ఒక ప్రశ్న వేసుకుని చేసేయండి. గేమ్ జవాబు చెప్పిందా, లేక పట్టించుకోలేదా? బ్రెత్ ఆఫ్ ద వైల్డ్‌లో వాన పడుతూ ఉరుములు మొదలయ్యాయనుకోండి, మీ ఒంటి మీద ఇనుప కత్తి ఉంటే దాని మీద నిప్పురవ్వలు లేస్తాయి, తీసేయకపోతే పిడుగు మీ మీదే. సరే, ఆ కత్తిని తీసి శత్రువుల మధ్య విసిరేస్తే? పిడుగు వాళ్ల మీద పడుతుంది. ఎండు గడ్డికి నిప్పు పెడితే మంట పాకుతుంది, మంట పైన వేడిగాలి లేస్తుంది, ఆ గాల్లో గ్లైడర్ తెరిస్తే మిమ్మల్ని పైకి లేపుతుంది. చెక్క డాలు అడ్డుపెడితే శత్రువు బాణాలు దానికి గుచ్చుకుంటాయి, అవి మీవే అయిపోతాయి. వీటిలో ఏదీ పక్కనున్నవాడు ఆడినట్టే మీరూ ఆడాలని చెప్పదు. ఒకే శిబిరాన్ని ఇద్దరు రెండు రకాలుగా గెలుస్తారు, మర్నాడు కాలేజీ క్యాంటీన్లో ఇద్దరూ తమ కథ చెప్పుకుంటారు. నియమాలు తక్కువే, కానీ అవి ఒకదాని చెయ్యి ఒకటి పట్టుకుంటాయి. వంద రకాల పనులున్న గేము కంటే ఒకదానితో ఒకటి కలిసే పది పనులున్న గేము నా దృష్టిలో ఎన్నో మెట్లు పైన.

కథ గురించి చాలామంది మొదట అడుగుతారు, నేను చివర్లో అడుగుతాను, అదీ ఒకే ప్రశ్న: కథలో ముఖ్యమైన ఘట్టం వచ్చినప్పుడు మీ చేతులు ఏం చేస్తున్నాయి? కంట్రోలర్ పక్కన పెట్టి చూస్తున్నారంటే అది సినిమా ముక్క, మంచిదే కావొచ్చు. డిజైనర్ ఫుమిటో ఉయెడా 2001లో తీసిన ఐకో గేములో హీరోతో పాటు వచ్చే అమ్మాయి చెయ్యి పట్టుకోవాలంటే కంట్రోలర్ మీద ఆర్1 బటన్ నొక్కి ఉంచాలి, వేలు తీస్తే చెయ్యి వదిలేసినట్టే. 2005లో పీఎస్2 మీద వచ్చిన ఆయన షాడో ఆఫ్ ద కొలోసస్‌లో మొత్తం పదహారుమంది మహాకాయులు, వాళ్లు తప్ప ఆ దేశంలో పోరాడటానికి ఇంకెవరూ లేరు. కొండంత ప్రాణి ఒంటిమీద జూలు పట్టుకుని వేలాడుతుంటారు, అది విదిలించుకుంటుంది, ఆర్1 వదిలితే పడిపోతారు, పట్టు ఎంతసేపు నిలుస్తుందో చూపించే వలయం కుంచించుకుపోతుంటుంది. నిజంగానే వేలు నొప్పి పుడుతుంది. చివరికి అది కూలినప్పుడు విజయం అనిపించదు, బాధేస్తుంది, ఆ బాధ మీ చేతులతో మీరే తెచ్చుకున్నారు కాబట్టి. ఇది సినిమా వల్ల కాదు, నవల వల్ల కాదు.

గ్రాఫిక్స్ గురించి నాలుగు ముక్కలు చాలు. అచ్చం నిజంలా ఉండాలని తీసినవి త్వరగా పాతబడతాయి, తనకంటూ ఒక గీత ఉన్నవి నిలుస్తాయి. పుణేలో తయారై 2020లో వచ్చిన రాజీ: యాన్ ఏన్షియెంట్ ఎపిక్ మన తోలుబొమ్మలాటలాగా నీడబొమ్మలతో కథ చెప్తుంది, ఎన్నేళ్లయినా అందంగానే ఉంటుంది. ఫైటింగ్ మాత్రం ఇంకా పదునుగా ఉండాల్సింది అని నా అభిప్రాయం, మన దేశపు గేమ్ అని ఆ మాట దాచనక్కర్లేదు.

పార్లర్‌కి వెళ్తే ఎక్కువగా ఇద్దరాడే గేములే కనబడతాయి, వాటికి పరీక్ష వేరు. ఇప్పుడే కంట్రోలర్ పట్టినవాడికీ, ఏళ్లుగా ఆడుతున్నవాడికీ ఒకే గేములో సరదా దొరకాలి. టెక్కెన్ 3 ఇంతకాలం గుర్తుండిపోవడానికి కారణం ఇదే, నాలుగు బటన్లు అంటే నాలుగు అవయవాలు: స్క్వేర్ ఎడమ చెయ్యి, ట్రయాంగిల్ కుడి చెయ్యి, ఎక్స్ ఎడమ కాలు, సర్కిల్ కుడి కాలు. కొత్తవాడు ఎలా నొక్కినా ఏదో ఒక దెబ్బ అందంగా పడుతుంది, పాతవాడికి నేర్చుకునేది అయిపోదు. ఓడినవాడు "ఇంకొక్కటి రా" అంటే ఆ గేమ్ పాసైనట్టే. ఇంట్లో చెల్లితోనో భార్యతోనో కలిసి ఆడాలంటే 2021 నాటి ఇట్ టేక్స్ టూ చూడండి, ఒక్కరుగా ఆడటమే కుదరదు, ఇద్దరి చేతిలో ఎప్పుడూ వేర్వేరు పనులుంటాయి.

రివ్యూ మార్కులు చూడండి, కానీ ఏ మెషీన్ మీద ఆడి వేశారో చూడండి. సైబర్‌పంక్ 2077 డిసెంబర్ 2020లో వచ్చినప్పుడు ముందుగా వచ్చిన మార్కులు పీసీలో ఆడినవి, పీఎస్4 మీద అది ఎంత దారుణంగా నడిచిందంటే సోనీ తన స్టోర్ నుంచి తీసేసింది, మళ్లీ పెట్టింది జూన్ 2021లో. అప్‌డేట్లతో తర్వాత చాలా మంచి గేమ్ అయింది, కానీ విడుదల రోజే కొన్నవాళ్లకి అది ఏం ఓదార్పు. అందుకే ఎక్కువ మార్కులు వేసిన రివ్యూ కంటే తక్కువ వేసినదాన్ని ముందు చదవండి, అందులో చెప్పిన లోపం మీకు పట్టింపు లేనిదైతే ధైర్యంగా ముందుకెళ్లొచ్చు.

గంట అయ్యాక వెంటనే కొనేయకండి, ఓ రాత్రి ఆగండి. మర్నాడు మద్దిలపాలెం సిగ్నల్ దగ్గర ఆగి ఉన్నప్పుడు "ఆ గోడ మీదనుంచి కాకుండా చెరువు పక్కనుంచి వెళ్తే?" అని బుర్రలో తిరుగుతోందంటే కొనండి. కొనేటప్పుడు డిస్క్ పెట్టే కన్సోల్ ఉంటే డిస్కే తీసుకోండి, ఆడేశాక అమ్ముకోవచ్చు, ఫ్రెండ్‌తో మార్చుకోవచ్చు. డిస్క్ డ్రైవ్ లేని పీఎస్5 డిజిటల్ ఎడిషన్ ఉన్నవాళ్లకి ఆ వీలు లేదు, సేల్ వచ్చేదాకా ఆగడమే దారి.

చేతులకి అలవాటు కావాలంటే ముందు మంచి గేముల మీదే ఈ పరీక్షలు చేసి చూడండి, అప్పుడు సాదాసీదావి వెంటనే తెలిసిపోతాయి. పీఎస్5 ఉంటే ఆస్ట్రోస్ ప్లేరూమ్ ఎలాగూ ఫ్రీగానే వస్తుంది, ఇసుక మీద, మంచు మీద, గాజు మీద నడుస్తున్నప్పుడు అరచేతిలో ఏం తెలుస్తోందో చూడండి. నచ్చితే 2024లో ద గేమ్ అవార్డ్స్‌లో గేమ్ ఆఫ్ ద ఇయర్ అందుకున్న ఆస్ట్రో బాట్‌కి వెళ్లండి, ఒక ఆలోచన మీకు విసుగు పుట్టకముందే దాన్ని వదిలి ఇంకోటి అందుకునే గేమ్ అది. ఎక్స్‌బాక్స్ ఉంటే 2001 నాటి మొదటి హేలో, రెండే తుపాకులు, గ్రెనేడ్‌కి విడిగా ఒక బటన్, దగ్గరికొస్తే కొట్టడానికి ఇంకో బటన్, అంతే, దానితోనే ప్రతి అర నిమిషం ఎంత కొత్తగా ఉంటుందో గమనించండి. నింటెండో స్విచ్ ఉంటే బ్రెత్ ఆఫ్ ద వైల్డ్, పైన చెప్పిన పిడుగు ప్రయోగంతో సహా. ఏదున్నా సరే సెలెస్ట్ దొరుకుతుంది, ధర కూడా పెద్ద గేముల కంటే బాగా తక్కువ, మరీ కష్టమనిపిస్తే మెనూలో అసిస్ట్ మోడ్ ఉంది, నిస్సంకోచంగా ఆన్ చేసుకోండి.